మార్క్వీసు రహస్యము: సౌందర్య సాధనముల తొలి ప్రకటన చిత్రములు

(సాంస్కృతిక సంఘ సమావేశమున చేసిన ప్రసంగ పాఠము)



చలనచిత్రశాలలో దీపము లారిన పిదప, అసలు కథ మొదలగుటకు ముందు గడచెడి కొన్ని నిమిషములు ఎవరికిని చెందని కాలమువలె ఉండును. ఆలస్యముగా వచ్చినవారు చీకటిలో తమ కుర్చీలు వెదకికొనుచుందురు. పిల్లలు తినుబండారములకై మారాము చేయుచుందురు. తెరమీద ఒక యువతి సబ్బు నురుగులో నవ్వుచుండును. ఆమెను చూపిన బొమ్మ ఎవరు తీసిరో అడిగినవారు లేరు. తోలుబొమ్మలాటలో కేతిగాడును బంగారక్కయు కథ నడుమ వచ్చి, నాలుగు మాటలాడి, నవ్వించి పోవుదురు. అయినను వారి పేర్లు ఊరిలో పసిపిల్లలకు సైతము తెలియును. ప్రకటన చిత్రమునకు ఆపాటి భాగ్యము గూడ దక్కలేదు. కార్యాలయములలో పనిచేయువారికి ఈ సంగతి విడమరచి చెప్పనక్కరలేదు. దస్త్రముపై సంతకము చేసినవారి పేరే నిలుచును. మొదటి చిత్తు వ్రాసినవాని పేరు ఏ పుటలోను కనబడదు.

ప్రకటనలను చులకన చేయుటకు మాత్రము ఈ సంఘమునకు అధికారము లేదు. ఈ ప్రసంగము అచ్చుపడెడి సంచికకు కాగితము కొనునది ప్రకటనల సొమ్మే గదా! వాటిని సేకరించుటకై వేసవి యెండలో దుకాణముల మెట్లెక్కి దిగిన మిత్రులు ఈ సభలోనే ఉన్నారు.

చలనచిత్రము పుట్టిన మరుసటి సంవత్సరమే సబ్బు దానిని ఆశ్రయించినది. 1895 డిసెంబరులో లూమియేరు సోదరులు పారిసు నగరమున తమ చిత్రములను రుసుముపై ప్రదర్శించిరి. 1896లో స్విట్జర్లాండునందు వారి యంత్రమునకు హక్కుదారుగా నున్న లవాన్షీ క్లార్కు అనునతడు, బట్టలుదుకు స్త్రీలను చిత్రించెను. అతడే లీవరు సోదరుల సన్‌లైటు సబ్బునకును ఆ దేశమున ప్రచారకుడు. అందుచేత నీటితొట్ల ముందర ఆ సబ్బు పేరు గల పెట్టెలు ప్రేక్షకునికి స్పష్టముగా కనబడునట్లు అమర్చబడినవి. స్త్రీలు తమ పనిలో మునిగియున్నారు. పెట్టెలు తమ పని తాము చేయుచున్నవి. ఇది చలనచిత్రమా, ప్రకటనయా అని ఆనాటి ప్రేక్షకులు విడదీసి చూచియుండరు. కదలుచున్న బొమ్మయే వారికి వింత.

అయితే బట్టల సబ్బు వేరు, ముఖమునకు పూసికొను లేపనము వేరు. బట్ట తెల్లబడుట కంటికి కనబడును. ముఖము అందగించుటను తెరమీద ఎట్లు చూపవలెను? అందుకు ఆనాటి ఫిల్మే మొదటి అడ్డు. అప్పటి ఫిల్మునకు ఎరుపు రంగు తెలియదు. ఎఱ్ఱని పెదవులు నల్లగా పడెడివి. ఎఱ్ఱబారిన చెక్కిళ్లు కమిలినట్లు కనబడెడివి. మన యిల్లాలి నుదుటి కుంకుమబొట్టును ఆ ఫిల్ముతో చిత్రించినచో కాటుకబొట్టువలె కనబడును. వీధినాటకములలో అరదళము పూసికొనిన వేషమును దివిటీ వెలుగులో చూచుట ఒక తీరు. యంత్రపు కన్ను ముందు నిలుచుట మరియొక తీరు.

ఈ చిక్కును విప్పుటకు పూనుకొనినవారిలో ముఖ్యుడు మాక్స్ ఫాక్టర్. పోలండున పుట్టి, 1904లో అమెరికా చేరి, 1908లో లాస్ ఏంజెలిసునందు స్థిరపడి, నాటకశాలలకు కృత్రిమ కేశములను, రంగులను అమ్ముకొనుచుండిన వ్యక్తి. నాటకపు రంగు మందముగా పూయబడి, ఆరిన పిదప పగుళ్లు బారెడిది. దూరమున కూర్చున్న ప్రేక్షకునికి అది కనబడదు గాని, కెమెరా దగ్గరకు వచ్చినచో దాచుటకు వీలు లేదు. 1914లో అతడు చలనచిత్రమునకై పలుచని, పగలని లేపనమును సిద్ధము చేసెను. 1928లో దీపములును ఫిల్మును మారినప్పుడు మరల క్రొత్త వర్ణములు కూర్చెను. రంగుల చిత్రములు వచ్చిన పిమ్మట అతని సంస్థ చేసిన 'పాన్‌కేక్' 1938లో సామాన్య స్త్రీల అంగడులకును దిగినది. అతడు మరణించినదియు ఆ సంవత్సరమే.

ఈ సంస్థకు ప్రత్యేకముగా ప్రకటన చిత్రములతో పెద్ద పని లేకపోయినది. హాలీవుడ్డు తీసిన ప్రతి చిత్రమును దానికి ప్రకటనయే. పత్రికలలో తార యొక్క ముఖము, ప్రక్కన పొడి డబ్బా, క్రింద ఆమె నటించిన చిత్రము పేరు. ఈ యొప్పందమువలన నిర్మాతకు చిత్రము పేరు ఊరక ప్రచారమయ్యెడిది, అంగడివానికి తార ముఖము దొరికెడిది. ఆ పాన్‌కేక్ మద్రాసుకును వచ్చినది. జెమినీ స్టూడియోలో 1952నుండి 1966వరకు పనిచేసిన తమిళ రచయిత అశోకమిత్రన్, అచట ఆ వస్తువును ఎంత విస్తారముగా వాడెడివారో తన జ్ఞాపకములలో హాస్యముగా వ్రాసినారు. వారు పుట్టి పెరిగినది సికిందరాబాదులో.

ఇక ఈ ప్రసంగమునకు ప్రాణమైన చిత్రమునకు రావలెను. దాని పేరు 'మార్క్వీసు రహస్యము'. బెర్లిన్ నగరమున 1922 ప్రాంతమున తయారైనది. నిడివి కొద్ది నిమిషములకు మించదు. అమ్మదలచిన వస్తువు నివియా.

నివియా పుట్టుక హాంబర్గు నగరమున బైయర్స్‌డార్ఫ్ అను సంస్థలో. 1882లో ఔషధ వ్యాపారముగా మొదలైన ఆ సంస్థను 1890లో ఆస్కార్ ట్రోప్లోవిట్స్ కొనెను. నూనెయు నీరును ఎంత చిలికినను కొంతసేపటికి విడిపోవునని వంటింటివారందరకును తెలిసినదే. ఐజాక్ లిఫ్‌షూట్స్ అను రసాయనికుడు గొర్రె ఉన్ని క్రొవ్వునుండి 'యూసెరిట్' అను పదార్థమును తీసి, ఆ రెండింటిని విడిపోకుండ కట్టిపడవేసెను. చర్మవైద్యుడైన ఉన్నా అను పండితుడు దాని విలువను గుర్తించెను. 1911లో తెల్లని లేపనము అంగడికి వచ్చినది. లాటిను భాషలో మంచును తెలుపు మాటనుండి దానికి నివియా అని పేరు పెట్టిరి. ఇచ్చట ఒక చిన్న వింత ఉన్నది. తెలుగు ఇండ్లలో ముఖమునకు రాచికొను తెల్లని లేపనమును ఏ సంస్థ చేసినదైనను 'స్నో' అనియే వ్యవహరించెడివారు. 'స్నో, పౌడరు' అనునది జంటమాట. అఫ్గాన్ స్నో మొదలైన సీసాల పేర్లనుండి వచ్చిన వాడుక అది. మంచు ఎన్నడును కురియని గోదావరి తీరమున సైతము మంచు పేరే ముఖమునకు ఎక్కినది.

ఈ లేపనమునకు చిత్రము తీయించినవాడు జూలియస్ పిన్‌షెవర్. 1883లో జన్మించిన ఈతడు జర్మనీలో ప్రకటన చిత్రమును ఒక వృత్తిగా నిలబెట్టినవాడని చెప్పదగును. 1910 మొదలుకొని ఈ పనిలోనే నిమగ్నుడై, చిత్రశాలల యజమానులతో ముందుగా ఒప్పందములు చేసికొని, తన చిత్రములు తప్పక ఆడునట్లు ఏర్పాటు చేసెను. 1912లో 'కుట్టుపెట్టె' అను చిత్రమున సూదులు, దారములు, గుండీలు తమంతట తాము నడచునట్లు చూపించెను. అతని దగ్గర చిత్రములు చేసినవారు చిన్నవారు గారు. శుద్ధమైన ఆకారములను తెరపై నర్తింపజేసిన వాల్టర్ రుట్‌మన్, 1922లో ఒక మోటారు టైరుకై అతనికి చిత్రము చేసియిచ్చెను. తన కళకు టిక్కెట్టు కొని వచ్చువారు దొరకని చిత్రకారునకు టైరుల వర్తకుడు కూలి యిచ్చి, స్వేచ్ఛయు ఇచ్చెను. రాజాస్థానములు పోయిన పిదప కవులను పోషించినవారిలో వర్తకులుండుట మనకును క్రొత్త గాదు.

నివియా పని లోటె రైనిగర్ చేతికి వచ్చినప్పుడు ఆమెకు ఇరువది మూడేండ్లు. 1899లో బెర్లిన్‌లో జన్మించిన ఈమెకు చిన్ననాటినుండి కత్తెరయే కలము. బొమ్మను ముందు గీసికొనకుండ నేరుగా కాగితమును కత్తిరించెడిది. నల్లని అట్టతో శరీరభాగములను వేరువేరుగా కత్తిరించి, కీళ్లవద్ద సన్నని తీగతో కూర్చి, క్రిందినుండి వెలుగు వచ్చు గాజుపలకపై పరచి, పైనుండి కెమెరాతో ఒక్కొక్క బొమ్మ తీయుట ఆమె పద్ధతి. చేతిని వెంట్రుకవాసి కదల్చుట, ఒక బొమ్మ తీయుట. మరల కదల్చుట, మరియొక బొమ్మ తీయుట. ఒక్క నమస్కారమునకు ఎన్ని మారులు వంగి లేవవలెనో ఊహించుకొనవచ్చును.

తోలుబొమ్మలాట ఎరిగిన తెలుగువారికి ఈ విద్య పరాయిది గాదు. అయితే భేదములున్నవి. నిమ్మలకుంట మొదలైన ఊళ్లలోని మన కళాకారులు తోలును పలుచగా చేసి రంగులద్దుదురు. వెలుగు తోలుగుండ ప్రవహించి సీత చీర ఎఱ్ఱగాను, రాముని మేను నీలముగాను కనబడును. రైనిగర్ బొమ్మలో వెలుగు చొరదు. అంచు ఒక్కటే మాటలాడవలెను. ముక్కు కొస, వ్రేళ్ల వంపు, పావడా కుచ్చులు తప్ప భావమును చెప్పుటకు మరియొక ఆధారము లేదు. మనవారు ఆడుచు పాడుచు బొమ్మను చేతితో ఝళిపింతురు. ఆమె బొమ్మ ఆమె చేతిక్రింద నిశ్చలముగా పడియుండి, తెరమీద మాత్రమే ప్రాణము పొందును.

'మార్క్వీసు రహస్యము'లో ఆమె తన అలవాటును తలక్రిందులు చేసెను. ఆమె చిత్రములలో సామాన్యముగా తెల్లని వెలుగుపై నల్లని నీడలుండును. ఇందులో నల్లని భూమిపై తెల్లని ఆకృతులు. పదునెనిమిదవ శతాబ్దపు ఫ్రెంచి ప్రభువుల వేషభాషలు. ఎత్తైన కేశాలంకారము, విశాలమైన పావడాలు, వంగి వంగి చేయు వందనములు. ఒక ప్రియుడు మార్క్వీసు అను ప్రభుపత్నిని ఆమె సౌందర్య రహస్యము అడుగును. ఆమె చెప్పు రహస్యము నివియా. కథ ఇంతియే. చీకటి తెరపై మెరయుచున్న ఆ తెల్లని వనితను చూచినప్పుడు లేపనము పేరు మంచు అని వేరుగా చెప్పనక్కరలేదు. వస్తువు పేరులోని అర్థమును బొమ్మయొక్క రూపముగా మార్చిన నేర్పు ఇది. కొందరు దీనిని ఆమె చిల్లరపనులలో చేర్చి దాటిపోవుదురు. అది న్యాయము గాదు. నాలుగేండ్ల పిమ్మట 1926లో 'అహమ్మదు రాజకుమారుని సాహసములు' అను పెద్ద చిత్రముతో ఆమె ప్రపంచ ప్రసిద్ధురాలయ్యెను. నేటికి మిగిలియున్న పూర్తి నిడివి చిత్రిత చలనచిత్రములలో అది మిక్కిలి ప్రాచీనము. ఆ చిత్రములోని వ్రేళ్ల వంపులు కొన్ని ఈ ప్రకటనలో ముందే కనబడుచున్నవి.

ఈ చిత్రముతో సంబంధించినవారి బ్రతుకులను 1933 చెదరగొట్టినది. హిట్లరు అధికారమునకు రాగానే, పోటీ సంస్థలు కొన్ని నివియాను యూదుల సరుకని ప్రచారము మొదలుపెట్టినవి. దానిని కొనుట యూదులకు తోడ్పడుట యని చాటినవి. తెల్లని లేపనమునకు కూడ జాతి అంటగట్టబడినది. సంస్థ అధిపతియైన విల్లీ యాకబ్‌సోన్, ఆయనతోపాటు పాలకవర్గములోని ఇతర యూదులును పదవులు విడువవలసి వచ్చెను; ఆయన ఆమ్‌స్టర్‌డాము చేరెను. యూదుడైన పిన్‌షెవర్ స్విట్జర్లాండు వెళ్లి, బెర్న్ నగరమున మరల చిత్రములు తీయుచు, 1961లో అచటనే కన్నుమూసెను. రైనిగర్ యూదురాలు గాదు; అయినను ఆ పాలన ఆమెకు సహింపలేదు. భర్త కార్ల్ కోఖ్‌తో కలిసి 1930ల నడుమ దేశము విడిచి, ఉండుటకు అనుమతి దొరికినచోట్ల కొంతకాలము, దొరకనప్పుడు మరియొక దేశము, ఇట్లు తిరిగి తిరిగి, 1949లో లండనునందు స్థిరపడెను. కత్తెర మాత్రము చేతిలోనే ఉండెను.

ఆ సంచార కాలములో ఆమె చేసిన ఒక పని ఈ సంఘ సభ్యులకు ప్రీతి కలిగింపవచ్చును. 1938లో బ్రిటిషు తపాలా శాఖవారి చిత్ర విభాగమునకై 'టాకర్' అను నీడబొమ్మల చిత్రము చేసెను. ఆ మాటకు స్కాట్లాండు వాడుకలో వరకట్నమని అర్థము. చిత్రము ఉద్దేశము తపాలా పొదుపు ఖాతాకు ప్రచారము! మార్క్వీసుకు లేపనము అమ్మిన కత్తెరయే ప్రభుత్వమునకు పొదుపు పుస్తకమును అమ్మినది. ప్రభుత్వ ప్రచారము నీరసముగా నుండి తీరవలెనను నియమము ఏ సంహితలోను లేదని చెప్పుటకు ఇదియొక నిదర్శనము.

నివియా చరిత్రలో మరియొక స్త్రీని కూడ స్మరింపవలెను. ఎల్లీ హాయిస్ క్నాప్ అను విదుషీమణి భర్త తియొడోర్ హాయిస్‌కు 1933లో అధ్యాపక పదవి పోయినది. కుటుంబ పోషణకై ఆమె ప్రకటనల రచనకు పూనుకొనెను. రేడియోలో ఒక చిన్న స్వరముతోనే వస్తువును గుర్తుపట్టునట్లు చేయుటలో ఆమె జర్మనీలో మార్గదర్శకురాలు. నివియా ప్రకటనలు ఆమె చేతిమీదుగా సాగినవానిలో చేరినవి. యుద్ధానంతరము 1949లో ఆ భర్తయే పశ్చిమ జర్మనీకి మొదటి రాష్ట్రపతి అయ్యెను. ఆ కుటుంబమును చీకటి దినములలో నిలబెట్టినది సబ్బులును, దగ్గుబిళ్లలును, లేపనములును. ప్రకటనల వ్రాతను తక్కువగా చూచువారు ఈ కథను ఒకమారు తలచుకొనుట మంచిది.

దూరదర్శన యంత్రము వచ్చిన తరువాత కథ వేగము పుంజుకొన్నది. అంత రుచికరము గాదు. అమెరికాలో హేజెల్ బిషప్ అను రసాయన శాస్త్రజ్ఞురాలు చెరగని పెదవిరంగును కనుగొని 1950లో అంగడికి తెచ్చెను. ప్రకటనలే దానిని ఇంటింటికి చేర్చినవి. కాని 1954 నాటికి, వాటాల తగవులో, ఆమె పేరుతో సాగు సంస్థనుండి ఆమెయే వెలుపలికి పోవలసి వచ్చెను. పేరు సీసాపై నిలిచినది, మనిషి వీధిలో నిలిచినది. ఆమె పోటీదారైన రెవ్లాన్ సంస్థ 1955 జూన్‌లో ఆరంభమైన అరువది నాలుగువేల డాలరుల ప్రశ్న యను పోటీ కార్యక్రమమునకు పోషకురాలై, నడుమ నడుమ తన సరుకులను చూపి, విపరీతముగా లాభించెను. 1950ల చివర అట్టి పోటీలలో జరిగిన మోసములు బయటపడి దేశమంతట అల్లరి చెలరేగినది. అప్పటికి పెదవిరంగు అమ్ముడుపోయినది.

మన దేశమున మొదట వచ్చినవి కదలని బొమ్మలు. గాజుపలకపై చిత్రించిన ప్రకటనలను విరామ సమయమున తెరపై చూపెడివారు. ఊరి వస్త్రదుకాణము, పండ్లపొడి, తలనూనె, స్నో, అన్నిటికి అదే గతి. పసుపు, సున్నిపిండి, కాటుక ఇవి మాత్రము ప్రచారమునకై ఎదురుచూడలేదు. వాటిని ఎట్లు వాడవలెనో అమ్మమ్మలు చెప్పుచుండగా ప్రచారకునితో పని యేమి? 1952లో టాటాలు లాక్మే సంస్థను నెలకొల్పినారు. ఫ్రెంచివారి నోట లక్ష్మియే లాక్మే అయినది. ఆ పేరుగల సంగీత నాటకమొకటి పారిసులో ప్రసిద్ధము. లక్ష్మీదేవి పారిసు వెళ్లి, మారుపేరుతో మరల బొంబాయి చేరుట చిత్రమే.

రేడియోలో ప్రకటనలు 1967 నవంబరు 1న విവిధభారతితోను, దూరదర్శన్‌లో 1976 జనవరి 1న మొదలైనవి. అంతవరకు కదలు ప్రకటనకు సినిమాహాలే చోటు. ఆ కాలమున ఈ పనిలో ఆరితేరినవారిలో శ్యాం బెనగల్ ఒకరు. 1934లో హైదరాబాదు ప్రాంతమున జన్మించి, 1959లో బొంబాయిలోని లింటాస్ అను ప్రకటన సంస్థలో వ్రాతపనికి చేరినారు. సబ్బులు చేయు లీవరు వారి ప్రకటనలకై ఏర్పడిన సంస్థ అది. డాక్యుమెంటరీలు, ప్రకటనలు కలిపి ఆయన తొమ్మిదివందలకు పైగా చేసినారని ప్రసిద్ధి. తెలంగాణపు దొరతనమును చూపిన 'అంకుర్' కథను ఆయన ఏండ్ల తరబడి వెంటబెట్టుకొని తిరిగినను ధనమిచ్చువారు దొరకలేదు. తుదకు 1974లో ఆ చిత్రమునకు పెట్టుబడి పెట్టినది బ్లేజ్ అను సంస్థ. హాళ్లకు ప్రకటన చిత్రములను పంపిణీ చేయుటయే దాని వ్యాపారము. మరుసటి యేట 'నిశాంత్'కును అదే అండ. అనగా, ఎందరో ప్రేక్షకులు విసుగుకొనుచు చూచిన సబ్బుల బొమ్మల ఆదాయమే తెలంగాణ పల్లెలోని ఒక కుండలవాని కథను తెర కెక్కించినది. ఆ బెనగల్ 'అనుగ్రహం' అను తెలుగు చిత్రమును కూడ తీసినారు. 2024 డిసెంబరులో దివంగతులైనారు.

1975 ఈ చరిత్రలో ఒక గడ్డు సంవత్సరము. ఒకే సంస్థ, హిందుస్థాన్ లీవరు, ఆ కాలముననే రెండు సరుకులను తెచ్చినది. ఒకటి లిరిల్ సబ్బు. కొడైకెనాలు ప్రాంతపు జలపాతము క్రింద ఒక యువతి ఒంటరిగా, ఎవరి మెప్పునకును ఎదురుచూడక, నీటిలో కేరింతలు కొట్టుట ఆ చిత్రము. ఆమెను చూచుటకు పెండ్లివారెవరును రాలేదు. రెండవది ఫెయిర్ అండ్ లవ్లీ. దాని ప్రకటనలలో తరచుగా నల్లని పిల్ల మొదట చిన్నబోయి కూర్చుండును. పెండ్లిచూపులలోనో, ఉద్యోగములోనో తిరస్కారము. కొన్ని వారములు లేపనము రాచిన పిదప అదే పిల్ల తెల్లబడి, తల యెత్తి, కోరినది పొందును. మార్క్వీసు చిత్రములో ప్రియుడు మెచ్చి రహస్యమడిగెను. ఎవరి నలుపును అందులో నేరముగా చూపలేదు. అచట తెలుపు ఒక మంచు, ఒక వెలుగు. ఇచట తెలుపు ఒక అర్హతాపత్రము. ఇంటిలో పదునాలుగేండ్ల ఆడపిల్ల ఆ ప్రకటన వచ్చినప్పుడు అద్దము వంక చూచుట గమనించిన తల్లులకు ఈ భేదము చెప్పనక్కరలేదు. పెండ్లిసంబంధములు మాటలాడునపుడు 'పిల్ల చామనచాయ' అని గొంతు తగ్గించి చెప్పుట ఆ లేపనముకంటె చాల ముందునుండి మన ఇండ్లలో ఉన్నదే. ప్రకటనకారుడు దానిని పుట్టింపలేదు; అంగడిలో పెట్టెను, అంతే.

ఆ పేరుపై అభ్యంతరములు ఏండ్ల తరబడి సాగినవి. 2020 జూన్‌లో సంస్థవారు 'ఫెయిర్' అను మాటను తొలగింతుమని ప్రకటించి, జూలైలో 'గ్లో అండ్ లవ్లీ' అని క్రొత్త పేరు పెట్టినారు. అప్పటికి నలుబదియైదు సంవత్సరములు గడచినవి. ఆ ప్రకటనలు చూచుచు పెరిగిన బాలికలు తమ కుమార్తెలకు సంబంధములు వెదకుచున్నారు.